పోశవ్వ: ఒక పేరు వెనక చరిత్ర

డిచ్‌పల్లి చుట్టుపక్కల ఊళ్లల్ల అరవై ఏండ్లు దాటిన దళిత స్త్రీల పేర్లు వరుసగా రాసుకుంటూ పోతే కాగితం నిండా కొన్ని పేర్లే తిరిగి తిరిగి వస్తాయి. పోశవ్వ, గంగవ్వ, ఎల్లవ్వ, లచ్చవ్వ, నర్సవ్వ, సాయవ్వ, బాలవ్వ. అదే వాడలో పదేండ్ల ఆడపిల్లల పేర్లు రాస్తే ఈ పేర్లలో ఒక్కటి కూడా దొరకదు. రెండు తరాల్లో ఒక పేర్ల లోకమే మాయమైపోతున్నది. దీన్ని ఫ్యాషన్ మారింది అని చెప్పి ఊరుకోవచ్చు. కానీ ఏ పేర్లు పోతున్నాయి, అవి పోవాలని ఎవరు అనుకున్నారు, పోయినప్పుడు వాటితోపాటు ఇంకేం పోతున్నది అన్న ప్రశ్నలు అట్లనే మిగిలిపోతాయి. దళిత స్త్రీల చరిత్ర రాసుకోవడానికి మనకు శాసనాల్లేవు, వంశవృక్షాల్లేవు, ఆస్తి పత్రాలు అంతకన్నా లేవు. ఉన్నది పేర్లే. కాబట్టి పేర్లను చదవడం నేర్చుకోవాలి. ఈ వ్యాసంలో పోశవ్వ అన్న ఒక్క పేరును తీసుకుని ఆ పని చేద్దాం.

1. పేరులో రెండు ముక్కలు

పోశవ్వ అంటే పోశ, అవ్వ. రెండో ముక్క నుంచి మొదలుపెడితే సులువు. ఉత్తర తెలంగాణ పల్లె మాటలో 'అవ్వ' అంటే కన్నతల్లి. కోస్తా జిల్లాల్లో అదే మాటకు ముసలామె, నానమ్మ అనే అర్థం. కన్నడంలో కూడా అవ్వ అంటే తల్లే. ఉత్తర కర్ణాటక ఊళ్లల్లో ఎల్లవ్వలు, గంగవ్వలు ఇప్పటికీ ఉన్నారు. అంటే నిజామాబాద్, బోధన్ ప్రాంతపు పోశవ్వ పేరు చుట్టరికం తెలుగు పాఠ్యపుస్తకంతో కన్నా దక్కన్ పల్లెలతో ఎక్కువ. బోధన్ దిక్కు మరాఠీ ఇండ్లు కూడా ఉన్నాయి కనుక 'బాయి' అనే మూడో రూపం కూడా ఇక్కడ వినపడుతుంది. ఒకే స్త్రీ ఇంట్ల గంగవ్వ, కాగితం మీద గంగమ్మ, సరిహద్దు అవతలి చుట్టాల నోట గంగుబాయి కావచ్చు.

మొదటి ముక్క పోచమ్మ దేవతది. పోచమ్మ, పోశమ్మ, పోశవ్వ అన్నీ ఒకే దేవత పేర్లు. మగపిల్లవాడైతే అదే పేరు పోచయ్య, పోశెట్టి, పోశన్న అవుతుంది. 'పోషించే అమ్మ' కాబట్టి పోశమ్మ అని చెప్పేవాళ్లు ఉన్నారు. ఇది వినడానికి బాగుంటుంది కానీ పల్లె దేవతకు సంస్కృత మూలం వెతికి గౌరవం తెచ్చిపెట్టే అలవాటు దీని వెనక ఉన్నది. మన జనం మాటలో మరో దారి ఉన్నది. మశూచి వస్తే 'అమ్మ పోసింది' అంటారు. ఒళ్లంతా పొక్కులు పోసినట్టు లేస్తాయి కనుక ఆ క్రియ వాడతారు. పోసిన అమ్మే మళ్లీ తీసుకోవాలి. ఇది భాషాశాస్త్రం తేల్చిన వ్యుత్పత్తి అని అనడం లేదు. ఆ పేరు పెట్టుకున్న జనం మనసులో రోగం, తల్లి, పేరు ఎట్ల ఒక్కచోట కలిసి ఉన్నాయో చూపించడానికి చెప్తున్నాం.

2. రోగం పోయింది, పేరు మిగిలింది

పోచమ్మ పేరు పిల్లకు ఎందుకు పెట్టేవాళ్లు? ఇంట్ల అమ్మ పోసి పిల్లలు పోయినప్పుడు, తర్వాత పుట్టిన బిడ్డను కాపాడమని మొక్కి ఆమె పేరే పెట్టేవాళ్లు. మొక్కు తీరినందుకు కూడా పెట్టేవాళ్లు. అంటే ఊళ్లో పోశవ్వలు ఎక్కువగా ఉండడమనేది ఒక విధంగా ఆ ఊళ్లో పిల్లల చావుల లెక్క. పెంటమ్మ, భిక్షమ్మ పేర్లు కూడా ఈ కోవలోనివే. బిడ్డలు నిలవని ఇంట్ల పుట్టిన పిల్లను పెంటకుప్ప మీద ఒక్క ఘడియ పండబెట్టి ఎత్తుకుని పెంటమ్మ అనేవాళ్లు. ఇంటింటికీ తిరిగి బిచ్చమడిగిన బియ్యంతో పేరు పెడితే భిక్షమ్మ. మృత్యువుకు ఈ పిల్ల మీద ఆశ పుట్టకుండా చేసే ఉపాయం అది. ఇవి దళితుల్లోనే కాదు, అనేక శ్రామిక కులాల్లో ఉన్నాయి. వైద్యం అందని ఇండ్లల్లో పుట్టిన పేర్లు ఇవి.

మన దేశంలో చివరి మశూచి కేసు 1975 మే నెలలో నమోదైంది. 1977లో భారతదేశం మశూచి లేని దేశంగా ప్రకటించబడింది. 1980లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రపంచమంతా ఆ రోగం పోయిందని ప్రకటించింది. ఈ తేదీలను మనం చూస్తున్న పేర్ల పట్టీ పక్కన పెట్టి చూడండి. పోశవ్వలు బాగా కనపడేది అంతకు ముందు పుట్టిన తరంలోనే. భయం పోయాక మొక్కు పలచబడింది, మొక్కు పలచబడ్డాక పేరు పలచబడింది. పేరు తగ్గడానికి ఉన్న కారణాల్లో ఇది ఒకటి, సంతోషించదగిన కారణం. మిగతా కారణాలు అట్లాంటివి కావు.

3. మనువు చేతిలో పేర్ల జాబితా

పేరు పెట్టే హక్కు మీద మనుధర్మశాస్త్రం చాలా శ్రద్ధ పెట్టింది. రెండో అధ్యాయంలో బ్రాహ్మణుడి పేరు మంగళకరంగా, క్షత్రియుడిది బలాన్ని చెప్పేట్టు, వైశ్యుడిది ధనాన్ని చెప్పేట్టు, శూద్రుడిది ఏవగింపు కలిగించేట్టు ఉండాలని చెప్తుంది. స్త్రీల పేర్లు పలకడానికి సులువుగా, మృదువుగా, మనోహరంగా, దీర్ఘాచ్చుతో ముగిసేట్టు ఉండాలంటుంది. మూడో అధ్యాయం తొమ్మిదో శ్లోకంలో ఎట్లాంటి పేరున్న పిల్లను పెండ్లి చేసుకోరాదో జాబితా ఇస్తుంది. నక్షత్రం పేరు, చెట్టు పేరు, నది పేరు, అంత్యజుల పేరు, కొండ పేరు, పక్షి పేరు, పాము పేరు, దాసి పేరు, భయపెట్టే పేరు.

ఇప్పుడు మన పేర్లను ఈ జాబితాతో పోల్చండి. గోదావరి తెలంగాణలో అడుగుపెట్టేది నిజామాబాద్ జిల్లా కందకుర్తి దగ్గర. ఇక్కడి జనం గోదావరిని గంగ అనే అంటారు. అందుకే గంగవ్వ, గంగు, గంగామణి, మగవాళ్లల్లో గంగారాం, గంగాధర్ ఈ జిల్లాలో ఇంటింటికీ కనపడతారు. మనువు లెక్కలో గంగవ్వ నది పేరున్న పిల్ల, కాబట్టి పనికిరాదు. పోశవ్వ రోగపు దేవత పేరున్న పిల్ల, అంటే భయపెట్టే పేరు. ఇక అంత్యజుల పేరు అన్న మాట మన పేర్లన్నిటినీ ఒక్క దెబ్బతో కొట్టేస్తుంది. శాస్త్రం కాదన్న పేర్లను ఇక్కడి శ్రామిక కులాలు తరతరాలుగా ప్రేమతో పెట్టుకున్నాయి. శాస్త్రం చదివి ధిక్కరించారని కాదు. వాళ్ల పేర్ల లోకానికి శాస్త్రంతో పనే లేదు.

కంచ ఐలయ్య 1996లో వచ్చిన తన ఇంగ్లీషు పుస్తకం 'వై ఐ యామ్ నాట్ ఎ హిందూ'లో పోచమ్మను దళిత బహుజనుల సంస్కృతికి ముఖ్యమైన గుర్తుగా చర్చించారు. ఆ దేవతతో మాట్లాడడానికి పూజారి అవసరం లేదు, మంత్రం అవసరం లేదు, ఎవరి భాషలో వాళ్లు మాట్లాడుకోవచ్చు. ఈ పరిశీలన పేరుకు కూడా వర్తిస్తుంది. పోశవ్వ అని పేరు పెట్టడానికి పంచాంగం చూడాల్సిన పని లేదు, అక్షరం అడగాల్సిన పని లేదు. తల్లే పెట్టుకుంటుంది, లేకపోతే నానమ్మ పెడుతుంది. పేరు పెట్టే అధికారం ఇంటి ఆడవాళ్ల చేతిలో ఉండడం చిన్న సంగతి కాదు.

4. సగం తెగిన పేరు

అయితే పెట్టుకున్న పేరు వేరు, పిలిపించుకున్న పేరు వేరు. దొరల గడీలల్ల, పటేళ్ల వాకిళ్లల్ల పోశవ్వ పోశి అయింది. గంగవ్వ గంగి, ఎల్లవ్వ ఎల్లి. తెగిపోయింది ఏ ముక్కనో గమనించాలి. తల్లి అనే అర్థమున్న ముక్కనే తెంపేశారు. వయసులో తల్లంత స్త్రీని పదేండ్ల దొర కొడుకు 'ఏమే పోశీ' అని పిలవాలంటే ఆమె పేరులో 'అవ్వ' ఉండకూడదు. ఉంటే నోటికి అడ్డం పడుతుంది. వెట్టి చాకిరి భాషలో ఈ తెంపుడు ఒక నియమం. అదే వాడలో, అదే స్త్రీని మాల మాదిగ ఇండ్లవాళ్లు పోశవ్వ అనో, వరస కలిపి అత్తా, చిన్నమ్మా అనో పిలిచేవాళ్లు. పేరు పూర్తిగా వినపడిన చోటు, సగమే వినపడిన చోటు రాసుకుంటే ఊరి కుల పటం తయారవుతుంది.

తెలంగాణ సాయుధ పోరాటం కాలంలో 'నీ బాంచెన్' అనడం మానడం ఎంత ముఖ్యమో, పేరు చివర గౌరవం నిలబెట్టుకోవడం అంతే ముఖ్యం. అంతకు ముందే హైదరాబాద్ నగరంలో భాగ్యరెడ్డి వర్మ (1888–1939) పేర్ల ప్రశ్నను ఉద్యమ ప్రశ్న చేసిండు. పంచములు, అంటరానివాళ్లు అన్న పేర్లు వద్దని, ఆది హిందువులమని చెప్పుకోవాలని పోరాడిండు. 1931 జనాభా లెక్కల్లో హైదరాబాద్ సంస్థానం ఆ పేరును నమోదు చేసింది. తర్వాతి తరాలు హరిజన అన్న పేరును కూడా కాదని దళిత అన్న పేరును ఎంచుకున్నాయి. సమూహం పేరు కోసం ఇంత పోరాటం జరిగింది కానీ వాడలోని ఒక్కొక్క స్త్రీ పేరు గురించి మన ఉద్యమాలు అంతగా ఆలోచించలేదు.

5. మిషన్, బడి, దఫ్తర్

డిచ్‌పల్లికి ప్రత్యేకమైన చరిత్ర ఒకటి ఉన్నది. 1915లో వెస్లియన్ మెథడిస్టు మిషన్ వైద్యురాలు ఇసబెల్ కెర్, ఆమె భర్త జార్జ్ కెర్ ఇక్కడ కుష్టు రోగుల ఆసుపత్రి మొదలుపెట్టారు. రాజా నర్సాగౌడ్ దానికి పెద్ద విరాళం ఇచ్చిండు. చాల్మోగ్ర జాతి గింజల నూనెతో చేసే వైద్యం వల్ల డిచ్‌పల్లి పేరు దూరదూరాలకు పోయింది. మెదక్, నిజామాబాద్ ప్రాంతాల్లో అదే మిషన్ ద్వారా మాల, మాదిగ కుటుంబాలు చాలా క్రైస్తవంలోకి వచ్చినయి. బాప్తిస్మంతో కొత్త పేరు వచ్చింది. మరియమ్మ, రూతమ్మ, ఎస్తేరమ్మ ఒక రకం. శాంతమ్మ, కరుణమ్మ, సుగుణమ్మ, దయామణి ఇంకొక రకం. తెగ్గొట్టి పిలవడానికి దొరకు అలవాటు లేని పేర్లు ఇవి. ఆ మేరకు కొత్త పేరు రక్షణ ఇచ్చింది.

కానీ 1950లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వు షెడ్యూల్డ్ కులాల గుర్తింపును హిందువులకే పరిమితం చేసింది. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చింది, క్రైస్తవులను చేర్చలేదు. దీనితో ఒక ఇంట్ల రెండు పేర్లు మొదలైనయి. గుడి రిజిస్టర్ల ఒకటి, బడి రిజిస్టర్ల ఇంకొకటి. చర్చిలో కరుణ అయిన పిల్ల కుల సర్టిఫికెట్ కోసం దఫ్తర్‌కు పోయేటప్పుడు మళ్లీ పోచమ్మ కావాల్సి వచ్చింది. ఒక పేరు ఆత్మగౌరవం కోసం, ఇంకొకటి హక్కు కోసం. రెండూ ఒకే పేరులో దొరకని పరిస్థితిని చట్టమే తయారు చేసింది.

బడి పాత్ర మరొక రకం. పిల్లను చేర్పించడానికి పోయినప్పుడు 'ఇదేం పేరు' అని సారే ఇంకో పేరు రాసిన సంగతి చాలా వాడల్లో చెప్తారు. పోశవ్వ పుష్ప అవుతుంది, ఎల్లవ్వ శ్రీలత అవుతుంది, గంగవ్వ గంగాభవాని అవుతుంది. పేరు మార్చకున్నా 'అవ్వ'ను 'అమ్మ'గా దిద్దుతారు. అవ్వ అనేది తప్పు, అమ్మ అనేది ఒప్పు అని ఎక్కడా రాసి లేదు. కానీ పాఠ్యపుస్తకాల తెలుగు కోస్తా తెలుగు కనుక దిద్దుబాటు ఎప్పుడూ ఒకే దిక్కు జరుగుతుంది. నిజాంసాగర్ కాలువల కింద భూములు కొనుక్కుని కోస్తా నుంచి వచ్చిన రైతులు స్థిరపడ్డ బోధన్, వర్ని ప్రాంతాల్లో ఈ తేడా రోజువారీగా వినపడేది. అవ్వ అంటే ముసలామె అనుకునే చెవికి పదిహేనేండ్ల పోశవ్వ వింతగానే ఉంటుంది.

ఊళ్ల పేర్లకు కూడా ఇదే జరిగింది. గోదావరి మీద 1963లో నెహ్రూ శంకుస్థాపన చేసినప్పుడు అది పోచంపాడు ప్రాజెక్టు. తర్వాత శ్రీరాంసాగర్ అయింది. జనం నోట ఇంకా పోచంపాడే. పోచం పోయి శ్రీరాముడు రావడం కాకతాళీయమని ఎవరైనా అనొచ్చు. మనం మాత్రం గుర్తుపెట్టుకోవాలి.

6. దేవత పేరు, దేవతకు ఇచ్చిన పిల్ల

ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. పోచమ్మ మన దేవత, పోశవ్వ మన పేరు అని సంబరపడితే సరిపోదు. ఇదే నిజామాబాద్ జిల్లాలో దేవత పేరు మీద దళిత ఆడపిల్లలను జోగినులుగా మార్చిన చరిత్ర ఉన్నది. మొక్కు అన్నారు, ఆచారం అన్నారు. దేవతకు పెండ్లి చేసిన పిల్ల మీద అధికారం మాత్రం ఊరి పెత్తందార్లది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1988లో దేవదాసీ నిషేధ చట్టం తెచ్చింది. హేమలతా లవణం, సంస్కార్ సంస్థ వర్ని ప్రాంతంలో జోగినుల మధ్య ఏండ్ల తరబడి పని చేసినయి.

జోగిని పిల్లలకు బడిలో ఎదురైన మొదటి ప్రశ్న తండ్రి పేరు. ఆ గడి ఖాళీగా ఉంటే అవమానం, ఏదో ఒక పేరు రాస్తే అబద్ధం. తల్లి పేరు రాయించుకోవడానికి వాళ్లు పోరాడాల్సి వచ్చింది. అట్లాంటి ఇండ్లల్ల పోశవ్వ అన్నది ఒక పాత పేరు కాదు, పిల్లలకు ఉన్న ఒకే ఒక వంశం. నిజామాబాద్‌లో ఆషాఢంలో జరిగే ఊర పండుగకు కట్టెతో చెక్కిన దేవతలను వేలమంది ఊరేగిస్తారు. దేవతకు అంత గౌరవం ఇచ్చే ఊళ్లు ఆ దేవత పేరున్న మనిషికి ఏమిచ్చినయి అన్న ప్రశ్న అడగకుండా పోచమ్మ గురించి రాయకూడదు. గ్రామాభివృద్ధి కమిటీల పేరుతో దళితులను సాంఘికంగా బహిష్కరించిన ఘటనలు ఈ జిల్లాలోనే అనేకం బయటికి వచ్చినయి.

7. అక్షరాల నడుమ పోయిన హక్కు

పేరు చరిత్ర పాతకాలం సంగతి కాదు అనడానికి బీడీ కార్డు చాలు. ఒక పోశవ్వ పేరు నడిచిన దారి చూడండి. హైదరాబాద్ సంస్థానం కాలంలో రికార్డు ఉర్దూలో. ఆ లిపిలో హ్రస్వ అచ్చులు సాధారణంగా రాయరు కనుక పేరు చదివేవాడి ఇష్టాన్ని బట్టి పలికేది. తర్వాత తెలుగు రికార్డు వచ్చింది, రాసినాయన పోచమ్మ అని దిద్దిండు. బీడీ కంపెనీ పీఎఫ్ కాగితంలో గుమాస్తా పోసవ్వ అని రాసిండు. ఆధార్ వచ్చినంక ఇంగ్లీషు అక్షరాల్లో ఎక్కించి, మళ్లీ కంప్యూటర్ తెలుగులోకి మార్చితే పోసవ అయింది. మనిషి ఒక్కతే, కాగితాల్లో నలుగురు.

ఇంకో చిక్కు కూడా ఉన్నది. అందరూ అదే దేవతకు మొక్కిన ఇంట్ల అక్కచెల్లెండ్లకు పెద్ద పోశవ్వ, నడిపి పోశవ్వ, చిన్న పోశవ్వ అని పేర్లు పెట్టేవాళ్లు. వాడలో దీనితో ఏ తికమకా రాదు. కంప్యూటర్‌లో పెద్ద, నడిపి, చిన్న అన్న మాటలు ఎగిరిపోతే ముగ్గురూ ఒక్కతే అవుతారు.

2015 నుంచి తెలంగాణలో బీడీ కార్మికులకు నెలనెలా పింఛన్ ఇస్తున్నారు. దానికి పీఎఫ్ ఖాతా ఆధారం. నలభై ఏండ్లు తునికాకు కత్తిరించి, దారం చుట్టి బీడీలు చేసిన స్త్రీకి ఖాతాలోని పేరు, ఆధార్‌లోని పేరు కలవకపోతే తాను తానే అని నిరూపించుకోవాల్సిన పని పడుతుంది. పీఎఫ్ డబ్బు తీసుకోవడంలో, అసైన్డ్ భూమి పాస్‌బుక్కులో, భర్త చనిపోయినంక వారసత్వంలో ఇదే తిప్పలు. దొర వాకిట్ల తెగిన పేరు దఫ్తర్ల ఇంకోరకంగా తెగుతున్నది. అప్పుడు పోయింది మర్యాద, ఇప్పుడు పోయేది నోటికాడి కూడు కూడా.

8. మరి పేరు నిలబెట్టాలా?

పోశవ్వ అన్న పేరునే మనుమరాళ్లకు పెట్టాలని ఎవరూ ఆజ్ఞ ఇవ్వలేరు. దళిత తల్లి తన బిడ్డకు అక్షిత అనో, శ్రీజ అనో పేరు పెడితే అది కేవలం అనుకరణ కాదు. బిడ్డను పేరు వినంగనే కులం పసిగట్టే క్లాసురూంలోకి పంపుతున్న తల్లి తీసుకున్న జాగ్రత్త అది. 1956 తర్వాత మహారాష్ట్ర బౌద్ధుల ఇండ్లల్లో సుజాత, యశోధర పేర్లు వచ్చినట్టు మన దగ్గర కూడా కొన్ని ఇండ్లల్ల రమ, సావిత్రి అన్న పేర్లు ఉద్యమాన్ని గుర్తుచేస్తూ పెట్టుకుంటున్నారు. అమెరికాలో నల్లజాతివాళ్లు యజమానులు పెట్టిన పేర్లను వదిలేసి కొత్తవి ఎంచుకున్నారు. మన స్థితి అక్కడికి తలకిందులు. యజమానులు పెట్టిన పేరు కాదిది, మనం పెట్టుకుంటే యజమానులు సగం తెంపింది. కాబట్టి మార్చుకునే హక్కు ఎంత ముఖ్యమో, పూర్తి పేరును తిరిగి రాయించుకునే హక్కు అంతే ముఖ్యం.

ఈ జిల్లా చట్టసభకు పంపిన దళిత స్త్రీల పేర్లు చూస్తే, 1957లో కామారెడ్డి నుంచి టి.ఎన్. సదాలక్ష్మి, 1967లో, 1972లో ఎల్లారెడ్డి నుంచి జె. ఈశ్వరీబాయి. ఇద్దరూ సికింద్రాబాద్ నగరం నుంచి వచ్చినవాళ్లు, పేర్లు కూడా నగరంవే. పల్లె పేరు పెద్ద బోర్డు ఎక్కడానికి చాలా కాలం పట్టింది. 2024లో కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి చాకలి ఐలమ్మ పేరు పెట్టారు. ఐలమ్మ అన్న పాత పేరు విశ్వవిద్యాలయం పట్టాల మీదికి వచ్చినప్పుడు అది నామోషీ పేరు అని ఎవరూ అనలేదు. నామోషీ పేరులో లేదు, దాన్ని పిలిచిన నోట్లో ఉన్నదని దీనితో తేలింది.

చేయాల్సిన పనులు కొన్ని ఉన్నాయి. డిచ్‌పల్లిలో 2006 నుంచి తెలంగాణ విశ్వవిద్యాలయం ఉన్నది. అక్కడ చదివే విద్యార్థులు తమ తమ వాడల్లో మూడు తరాల స్త్రీల పేర్లు, ఆ పేరు ఎవరు పెట్టారు, ఎందుకు పెట్టారు, ఎవరెవరు ఎట్ల పిలిచారు, ఏ కాగితంలో ఎట్ల ఉన్నది అని రాసుకోవాలి. పెద్ద ఖర్చు లేని పరిశోధన ఇది, ఆలస్యం చేస్తే చెప్పేవాళ్లు ఉండరు. ఉపాధ్యాయులు బడిలో చేర్చుకునేటప్పుడు తల్లి చెప్పిన పేరును, తల్లి పలికినట్టు రాయాలి. 2023లో జనన మరణాల నమోదు చట్టానికి చేసిన సవరణ వల్ల ఆ ఏడాది అక్టోబర్ 1 తర్వాత పుట్టిన పిల్లలకు బడికి, ఇతర పనులకు జనన ధ్రువపత్రమే ఆధారం. కనుక తప్పు పడితే మొదటి కాగితంలోనే పట్టుకోవాలి. కార్యకర్తలు బీడీ కార్మికుల కాగితాలన్నీ ఒకసారి పక్కపక్కన పెట్టి చూసి, తేడాలున్న చోట పింఛన్ ఆగకముందే సరిచేయించాలి. సభల్లో పేరు చదివేటప్పుడు, కరపత్రంలో రాసేటప్పుడు, అమరుల పట్టీ తయారు చేసేటప్పుడు పోశవ్వను పోశవ్వ అనే రాయాలి. దిద్దాల్సింది ఆమె పేరును కాదు, దాన్ని తప్పుగా రాసిన రిజిస్టర్లను.